ఆకు వేరు, పూత వేరు



వార్తాపత్రికల్లో నిత్యం కనిపించే ఒక మాట మీద నాకు చిరకాలంగా అభ్యంతరం ఉన్నది. "ఎండు గంజాయి" అన్నది ఆ మాట. ఫలానా కూడలి వద్ద ఇన్ని కిలోల ఎండు గంజాయి పట్టుబడింది, ఇంతమంది అరెస్టయ్యారు అని వ్రాస్తారు. అది ఎండినదో పచ్చిదో ఆ విశేషణం చెబుతుంది గాని, మొక్కలో ఏ భాగమో చెప్పదు. పూతా? ఆకా? కాడా? గింజా? విలేకరి చెప్పడు. అతనికి సమాచారమిచ్చిన అధికారి చెప్పడు. చాలా సందర్భాలలో పంచనామా కూడా చెప్పదు.

తెలుగు పండితుడికి విశేషణాల పట్టింపు తప్ప వేరే పని లేదా అని నవ్వుకోకండి. ఆ ఒక్క విశేషణం లోపించడం వల్ల, పదేళ్ళలోపు ఎంతైనా కావచ్చునన్న శిక్ష పదేళ్ళకు తగ్గని శిక్షగా మారిపోగలదు. దొరకవలసిన బెయిలు దొరకకుండా పోగలదు. ఈ దేశంలో ఒక నామవాచకానికి ఇంత బరువున్న సందర్భం మరొకటి నాకు తోచదు.

ముందుగా ఒక సంగతి. నేను గంజాయి పక్షాన వకాల్తా పుచ్చుకోలేదు. ముప్పై ఏళ్ళు పైబడి బడిపిల్లల మధ్య బ్రతికినవాణ్ణి. ఆటవెలది నడకను ఒక్కసారి వినిపిస్తే పట్టుకుని, మరునాటికి సొంతంగా నాలుగు పాదాలు కట్టుకొచ్చిన పిల్లవాడొకడు నా తరగతిలో ఉండేవాడు. కళాశాలలో చేరిన రెండేళ్ళకు బస్టాపులో ఎదురుపడి నన్ను గుర్తుపట్టడానికి తడుముకున్నాడు. వాడి కళ్ళు చూసి అర్థమైంది. వాడి తల్లి ఆ తరువాత ఎన్ని ఆస్పత్రులు తిరిగిందో నాకు తెలుసు. కాబట్టి ఆ పొగ మీద నాకు ఏ మమకారమూ లేదు. నా వాదం పొగ గురించి కాదు, తూకం గురించి.

నేనుండే నాగోలుకూ ఈ తూకానికీ దూరం తక్కువే. విజయవాడ నుంచి వచ్చే 65వ నంబరు జాతీయ రహదారి పెద్ద అంబరుపేట, హయత్‌నగర్, వనస్థలిపురం మీదుగా ఎల్బీనగర్ కూడలికి చేరుతుంది. నేరుగా పోతే దిల్‌సుఖ్‌నగర్, కుడికి తిరిగితే మా నాగోలు, ఆపైన ఉప్పల్. ఆంధ్ర ఒడిశా సరిహద్దు కొండల్లో పండిన సరుకు హైదరాబాదుకు గాని, హైదరాబాదు దాటి మహారాష్ట్రకు గాని పోయే దారులలో ఇది ముఖ్యమైనది. అందుకే ఇటువైపు తనిఖీలు ఎక్కువ, పట్టివేతలు ఎక్కువ. పత్రికల్లో ముసుగులు వేసి నిలబెట్టిన మనుషుల ఫోటోలు చూస్తాము. వారి కాళ్ళ చెప్పులు చూడండి. ఈ వ్యాపారంలో కోట్లు గడించినవాళ్ళ చెప్పులేనా అవి? తోలుకొచ్చిన డ్రైవరు, మూట మోసిన కూలీ, నాలుగువేలకు ఆశపడి బస్సెక్కిన కుర్రవాడు. తూకపురాయి పడేది వీరి మీదనే.

ఇక చట్టం దగ్గరికి వద్దాము. 1985లో పార్లమెంటు ఎన్‌డీపీఎస్ చట్టాన్ని చేసింది. ఆ ఏడు నవంబరు 14న అది అమలులోకి వచ్చింది. నేను న్యాయవాదిని కాను. కాని ఒక వాక్యాన్ని ఎలా చదవాలో నేర్చుకుని, నేర్పి బ్రతికినవాణ్ణి. ఆ చదువుతోనే దాని నిర్వచనాల అధ్యాయం చదివాను. చదివి, దానిని వ్రాసినవారికి మనసులో నమస్కరించాను. అంత జాగ్రత్తగా వ్రాశారు. అంత జాగ్రత్తగా వ్రాసినదానిని ఇంత అజాగ్రత్తగా అమలుచేయడమే నా ఫిర్యాదు.

ఆ చట్టం మూడు మొక్కలను పేరుపెట్టి పట్టుకుంది: కోకా, నల్లమందునిచ్చే గసగసాల మొక్క, గంజాయి మొక్క. మూడింటినీ అనుమతి లేకుండా సాగుచేయడం నేరం. ఇక్కడ మొక్క అంటే మొక్కే, వేరునుంచి కొసదాకా. అందులో సందేహం లేదు. కాని సాగు సంగతి దాటి సరుకు సంగతికి వచ్చేసరికి చట్టం స్వరం మార్చింది. మూడు మొక్కలకు మూడు వేర్వేరు భాగాలను ఎంచుకున్నది. కోకాలో పట్టింపు ఆకుది. గసగసాలలో, కోత అయిన తరువాత గింజ తప్ప మిగిలిన భాగాలన్నీ నిషిద్ధమే. గంజాయిలో మాత్రం పూసిన లేదా కాసిన కొసలే గంజాయి. ఆ కొసలు తోడులేని ఆకులనూ గింజలనూ చట్టం ప్రత్యేకంగా మినహాయించింది. చెట్టు బంకను, అంటే చరస్‌ను, వేరే పేరుతో వేరే లెక్కలో పెట్టింది.

గమనించారా? "మొక్క" అనదలచుకున్న చోట చట్టం మొక్క అన్నది. "అన్ని భాగాలు" అనదలచుకున్న చోట అన్ని భాగాలు అన్నది. "ఆకు" అనదలచుకున్న చోట ఆకు అన్నది. ఇన్ని మాటలు చేతిలో ఉండి కూడా గంజాయి దగ్గర "కొసలు" అని ఆగిందంటే, అది తెలిసి ఆగడమే గాని మరచిపోవడం కాదు. ఒకే కవి ఒకే పద్యంలో జలజమనీ జలదమనీ వేరువేరుగా వాడితే రెండూ నీటికి సంబంధించినవే కదా అని ఒకే అర్థం చెప్పే విద్యార్థికి మనం మార్కులు వేస్తామా?

ఇంత నిక్కచ్చితనానికి కారణం వృక్షశాస్త్రంలోనే ఉంది. మత్తునిచ్చే పదార్థం ప్రధానంగా ఆడమొక్క పూగుత్తులను అంటిపెట్టుకున్న సన్నని బంకగ్రంథులలో పోగవుతుంది. ఆకుల్లో అది బాగా తక్కువ. కాడల్లో, గింజల్లో లెక్కించదగినంత ఉండదు. అంటే చట్టం మొక్కను ద్వేషించలేదు, మత్తు ఎక్కడ ఉన్నదో అక్కడ వేలు పెట్టింది.

దీని వెనుక చరిత్ర కూడా కొంత ఉన్నది. 1893-94లో బ్రిటిషు ప్రభుత్వం గంజాయి, చరస్, భంగుల వాడకం మీద ఒక విచారణ సంఘాన్ని వేసింది. వెయ్యిమందికి పైగా సాక్షులను విచారించి ఏడు సంపుటాల నివేదిక ఇచ్చింది. మితమైన వాడకానికి పూర్తి నిషేధం అక్కరలేదని, అదుపు చాలునని తేల్చింది. చెన్నపట్నం రాజధానిలో ఆనాడు గంజాయి పండిన ప్రాంతాలలో మన కృష్ణా జిల్లా ఒకటి. తరువాత 1961లో ఐక్యరాజ్యసమితి ఒడంబడిక వచ్చింది. గంజాయికి మన చట్టం చెప్పిన నిర్వచనం ఇంచుమించు ఆ ఒడంబడిక నుంచి దిగినదే. ఆకు అక్కడా మినహాయింపే. అందువల్లనే ఉత్తరాది రాష్ట్రాలు కొన్నిటిలో ప్రభుత్వ అనుమతితోనే భంగు దుకాణాలు నడుస్తున్నాయి. ఆకు సంగతి రాష్ట్రాల ఆబ్కారీ చట్టాలు చూసుకుంటాయి. అంటే ఆకుకు శిక్షే లేదని కాదు. ఆ శిక్ష వేరు, ఆ న్యాయస్థానం వేరు, ఆ సంవత్సరాలు వేరు.

సంవత్సరాల లెక్క చెబుతాను. 2001 సవరణ తరువాత శిక్ష తూకాన్ని పట్టి నడుస్తున్నది. గంజాయి ఒక కిలోకు లోపైతే ఏడాది వరకు జైలు. ఒక కిలోకు పైన, 20 కిలోల వరకు అయితే పదేళ్ళ వరకు. 20 కిలోలు దాటితే వాణిజ్య పరిమాణం. అప్పుడు పదేళ్ళకు తగ్గదు, ఇరవై ఏళ్ళ దాకా పోవచ్చు. లక్ష రూపాయలకు తగ్గని జుల్మానా అదనం. అన్నిటికన్నా భయంకరమైనది 37వ సెక్షను. వాణిజ్య పరిమాణమైతే, ముద్దాయి నేరం చేయలేదని నమ్మదగిన కారణాలున్నాయని న్యాయమూర్తికి తోస్తే తప్ప బెయిలు రాదు. విచారణ ముగియకముందే సగం శిక్ష ముగిసిపోతుంది.

ఇప్పుడు ఊహకు ఒక లెక్క వేయండి. ఒక సంచిలో 22 కిలోల సరుకు ఉన్నది. అందులో కాడలు మూడు కిలోలు, విడి ఆకు రెండు కిలోలు అనుకుందాము. వాటిని తీసి తూస్తే పూత 17 కిలోలు. తీయకుండా తూస్తే 22. ఒక తూకంలో న్యాయమూర్తికి చేతిలో విచక్షణ ఉంటుంది. మరొక తూకంలో ఆ చేతులు కట్టుబడిపోతాయి. ముద్దాయి ఒక్కడే, సంచి ఒక్కటే, చేసిన పని ఒక్కటే. మారినది ఏరివేత మాత్రమే. బజారులో కిలో కరివేపాకు కొంటే కాడలతో తూస్తావేమయ్యా అని కూరగాయల వాడితో పోట్లాడతాము. మనిషి పదేళ్ళను కాడలతో తూస్తుంటే ఊరుకుంటున్నాము!

ఇక ఆ మినహాయింపు వాక్యం. ఇక్కడ మా పాతచదువు కొంత పనికివస్తుంది. నిషేధంలో రెండు విధాలున్నాయని మీమాంసకులు చెప్పారు. "ఆదివారం బడి లేదు" అన్నది ఒక తీరు. "ఆదివారం తప్ప మిగిలిన రోజులు బడి ఉన్నది" అన్నది మరొక తీరు. ఈ రెండవదానిని పర్యుదాసమన్నారు. ఒకదానిని పక్కకు తీసి, మిగిలినదాని మీద విధిని నిలబెట్టడం. గంజాయి నిర్వచనంలో కుండలీకరణాల మధ్య ఉన్నది పర్యుదాసమే. దానిని తొలగించి చదివితే నిర్వచనం చిన్నదవదు, వేరొకటి అవుతుంది. ఆదివారం కూడా బడి తెరిచి, రాలేదని పిల్లవాణ్ణి బెత్తంతో కొట్టినట్టవుతుంది.

అయితే నిజాయితీగా ఒక చిక్కు ఒప్పుకోవాలి. మినహాయింపు "కొసలు తోడులేనప్పుడు" మాత్రమే. కొసలు తోడున్నప్పుడు ఆకు కూడా గంజాయే అన్న వాదం అక్కడినుంచి పుట్టింది. న్యాయమే. కాని తోడు ఉండటమంటే ఏమిటి? తర్కం చదివినవారికి సమవాయానికీ సంయోగానికీ భేదం తెలుసు. రెమ్మకూ దాని ఆకుకూ ఉన్నది సమవాయం, విడదీస్తే నశించే సంబంధం. సంచిలో విడి ఆకుకూ పూతకూ ఉన్నది సంయోగం, సంచి విప్పితే పోయే సంబంధం. పూగుత్తిని అంటిపెట్టుకుని మొలిచిన చిన్న ఆకును పూతతో పాటు తూచమనండి, నేను కాదనను. ఎక్కడో రాలిన ఆకును ఊడ్చి అదే గోనెలో కుక్కితే అది పూతకు "తోడు" ఎలా అవుతుంది? సహితమైనదే సాహిత్యమని మనం చెప్పుకుంటాము. ఒకే బీరువాలో పెట్టినంత మాత్రాన చాకలిపద్దు ప్రబంధానికి సహితం కాదు గదా!

పోనీ ఆకు విషయంలో మీ అర్థమే నెగ్గిందనుకోండి. కాడ సంగతేమిటి? వేరు సంగతేమిటి? నిర్వచనంలో వాటి ఊసే లేదు. అవి కొసలు కావు, ఆకులూ కావు, గింజలూ కావు. లేనిదానిని మినహాయించనక్కరలేదు. అవి ఏ అన్వయంతోనూ గంజాయి కావు. అయినా ఆ బరువు ముద్దాయి లెక్కలోకే పోతున్నది.

న్యాయస్థానాల ముందుకు ఈ ప్రశ్న రాకపోలేదు. 2022లో బొంబాయి ఉన్నత న్యాయస్థానం, 2023లో ఆంధ్రప్రదేశ్ ఉన్నత న్యాయస్థానం బెయిలు దరఖాస్తుల మీద ఈ నిర్వచనాన్నే ముందు పెట్టుకున్నాయి. పూతకొసలను వేరుచేయకుండా మొత్తం సరుకును తూచారన్న అభ్యంతరానికి విలువనిచ్చి బెయిలు మంజూరు చేశాయి. 2022లోనే కర్ణాటక ఉన్నత న్యాయస్థానం భంగు ఈ చట్టం కిందికి రాదన్నది. సాగు విషయంలో 2004లోనే సర్వోన్నత న్యాయస్థానం ఒక మేలైన మాట చెప్పింది. భూమిలో పడిన గింజ తనంత తాను మొలిస్తే దానిని సాగు అనలేము, ఆ మనిషి నాటి పెంచాడని ప్రాసిక్యూషన్ రుజువు చేయాలన్నది. మొలవడం వేరు, పండించడం వేరు. మొక్క క్రియకు కర్త ఎవరో తేల్చమన్నది. ఇంతకన్నా చక్కని వ్యాకరణ పాఠం ఏముంది?

కాని న్యాయస్థానాలన్నీ ఒకే మాట మీద లేవు. ఒక న్యాయమూర్తి ముందు నెగ్గిన అభ్యంతరం మరొకరి ముందు, ఇదంతా విచారణలో తేలవలసిన సంగతి, ఇప్పుడు కాదు అని వాయిదా పడుతున్నది. విచారణ ఎన్నేళ్ళకో. మరి ఆ అభ్యంతరాన్ని ఉన్నత న్యాయస్థానం దాకా మోసుకుపోయేది ఎవరు? డబ్బు పెట్టి మంచి వకీలును పెట్టుకోగలవాడు. ఫోటోలో ముసుగు కింద నిలబడ్డ కూలీకి ఆ స్తోమత ఉన్నదా? కాబట్టి అజాగ్రత్త తూకం నేరస్థులమీద కఠినత్వమని ఎవరూ భ్రమపడవద్దు. అది ఉన్నవాడికి కిటికీ, లేనివాడికి గోడ.

ప్రతివాదుల మాటలు కూడా వినాలి. మొదటివాదం: అర్ధరాత్రి రహదారి మీద రెండువందల కిలోల సరుకు పట్టుకున్న పోలీసులు కూర్చుని పూత, ఆకు ఏరగలరా? ఏరలేరు. ఏరమని నేనూ అనను. కాని పట్టుకున్న సరుకును మేజిస్ట్రేటు ముందు పెట్టి, జాబితా రాసి, ఫోటోలు తీసి, నమూనాలు ధ్రువపరిపించే విధానం 52ఎ సెక్షనులోనే ఉన్నది. దానికోసం 2022 డిసెంబరులో కేంద్రం ప్రత్యేకంగా నియమాలు కూడా చేసింది. ఆ ఘట్టం రహదారి మీద కాదు, పగటివేళ, తీరికగా జరిగేది. అక్కడ నాలుగు కుప్పలు పోయడానికి ఏమి అడ్డం?

ఇప్పుడు జరుగుతున్నదేమిటో చూడండి. గంజాయి అయితే 24 గ్రాముల నమూనా తీస్తారు. ప్రయోగశాల దానిని పరీక్షించి ఇది గంజాయే అంటుంది. అది అన్నది ఆ 24 గ్రాముల గురించి. దానితో 22 కిలోలూ గంజాయి అయిపోతాయి! అన్నం ఉడికిందో లేదో మెతుకు పట్టి చూస్తే తెలుస్తుంది, నిజమే. కాని సంచిలో బియ్యం ఎంత, ఊక ఎంత అన్నది మెతుకు చెప్పదు. నమూనా గుణాన్ని చెబుతుంది, పరిమాణాన్ని చెప్పదు. శిక్ష మాత్రం పరిమాణాన్ని పట్టి ఉన్నది.

రెండవవాదం బలమైనది. 2020 ఏప్రిల్‌లో సర్వోన్నత న్యాయస్థానం ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం హీరాసింగ్ వ్యాజ్యంలో తీర్పు చెప్పింది. మత్తుపదార్థంలో మత్తులేని మరొక పదార్థం కలిపినప్పుడు, శుద్ధమైన భాగాన్ని మాత్రమే కాక మొత్తం బరువును లెక్కించాలన్నది. అయితే ఆకునూ కాడనూ కూడా లెక్కించవచ్చు గదా అంటారు. ఆ తీర్పులోని బెంగ నాకు అర్థమవుతుంది. చిటికెడు మందులో గుప్పెడు పిండి కలిపి వీధుల్లో అమ్మేవాడు, నా దగ్గరున్నది చిటికెడే అని తప్పించుకోకూడదు. కాని కలపడం వేరు, పుట్టడం వేరు. కాడ ఎవరో కల్తీ చేసినది కాదు. నిర్వచనమే గడప బయట నిలబెట్టినదానిని మిశ్రమమన్న పేరుతో దొడ్డిదారిన లోపలికి తెస్తే, నిర్వచనం వ్రాసిన శ్రమ ఎందుకు?

మూడవవాదం వాదం కాదు, కోపం. "గంజాయి అమ్మేవాడికి కూడా వ్యాకరణమా?" అని. అయ్యా, వ్యాకరణం మంచివాళ్ళకోసం పుట్టలేదు. నేరం రుజువైనవాణ్ణి శిక్షించడానికే అక్షరం సరిగా ఉండాలి. సరిగా లేకపోతే వాడు ఆ అక్షరదోషం పట్టుకునే బయటపడతాడు. అప్పుడు నా శిష్యుడి తల్లికి సమాధానం చెప్పేదెవరు?

మొక్కకూ మత్తుకూ ఉన్న తేడా మరచిపోతే ఎంత వింత జరుగుతుందో మన వంటింటినుంచే చూపిస్తాను. గసగసాలు లేని కుర్మా మన ఇళ్ళలో ఉన్నదా? అవి నల్లమందు మొక్క గింజలే. మన చట్టం గింజను వదిలిపెట్టింది గనుక కిరాణా కొట్టులో పొట్లం కట్టి ఇస్తున్నారు. అదే పొట్లం పెట్టెలో పెట్టుకుని దుబాయి విమానాశ్రయంలో దిగితే నేరం. అక్కడి చట్టం గింజను కూడా వదలదు. కరీంనగర్, నిజామాబాద్ పల్లెలనుంచి గల్ఫుకు పోయే బిడ్డకు తల్లి మసాలా కట్టి ఇచ్చేటప్పుడు పెద్దవాళ్ళు గసగసాలు తీసేయమని హెచ్చరించేది ఇందుకే. మన చట్టం ఆ తల్లికన్నా మెరుగ్గా ఆలోచించి గింజను మినహాయించింది. ఆ వివేకం గంజాయి దగ్గర అమలులో ఎందుకు చచ్చిపోవాలి?

ఉమ్మెత్త సంగతి చూడండి. వినాయకచవితికి కొత్తపేట, దిల్‌సుఖ్‌నగర్ రోడ్ల పక్కన పత్రి అమ్ముతారు. ఇరవైయొక్క పత్రాలలో ఉమ్మెత్త ఒకటి. మోతాదు మించితే మనిషిని మతిభ్రమింపజేసి చంపగల విషం దానిలో ఉన్నది. అయినా అది ఈ చట్టం పట్టికలో లేదు. ఆయుర్వేద ఔషధాలకు వర్తించే చట్టంలో విషద్రవ్యాల జాబితా ఒకటి ఉన్నది. అందులో ఉమ్మెత్త, గురివింద, భంగు అన్నీ పక్కపక్కనే ఉన్నాయి. అక్కడ చట్టం చెప్పినది జైలు కాదు, వైద్యుని పర్యవేక్షణలో వాడమన్న హెచ్చరిక. మొక్కలో విషముండటం ఒక్కటే నేరానికి కొలత కాదన్నమాట.

పేరు చూసి బెదిరే వారికోసం మరొక్కటి. మన గోగుకు వృక్షశాస్త్రజ్ఞులు పెట్టిన పేరు హైబిస్కస్ కనాబినస్. దాని ఆకు గంజాయి ఆకును పోలి ఉంటుందనే ఆ పేరు. గోగునారను ఒకప్పుడు భీమునిపట్నం జనపనార అని విదేశాలకు ఎగుమతి చేసేవారు. పోలిక ఉన్నంత మాత్రాన పులుసుకూర నేరం కాదు. ఆకారం చూసి కాదు, సారం చూసి తీర్పు చెప్పాలి.

కొండల మీదికి కూడా ఒక్కసారి పోయి వద్దాము, ఎల్బీనగర్ దాకా వచ్చే ఆ మూటలు బయలుదేరేది అక్కడినుంచే గనుక. చింతపల్లి, జి.మాడుగుల, పెదబయలు, ముంచంగిపుట్టు ప్రాంతాల్లో పండే ఒక రకానికి "శీలావతి" అని పేరు. పతివ్రత పేరు ఈ పాపానికి ఎవరు తగిలించారో గాని, భాషకు ఇంతకన్నా అవమానం లేదు. 2021 చివరలో ఆంధ్రప్రదేశ్ పోలీసులు 'ఆపరేషన్ పరివర్తన' పేరుతో ఏడువేల ఎకరాలకు పైగా తోటలను నరికివేశారు. 2022 ఫిబ్రవరి 12న అనకాపల్లి దగ్గర కోడూరులో రెండు లక్షల కిలోల సరుకును తగలబెట్టారు. సాగు నేరం మొక్క మొత్తానికీ చెందినది, కాబట్టి తోట నరికితే నాకు అభ్యంతరం లేదు. కాఫీకి, మిరియాలకు, పసుపుకు ఆ కొండల్లో చోటున్నది. అవి పండించి సంతకు తెస్తే కొనే దిక్కు చూపించడం ప్రభుత్వాల పని. కాని తోటకు పెట్టుబడి పెట్టి, విత్తనమిచ్చి, సరుకు ఎత్తించుకుపోయే పెద్దమనిషి కొండమీద ఉండడు, సంచితో బస్సూ ఎక్కడు. సంచిలో కాడలు తూచి వేసే పదేళ్ళు అతనికి చేరవు.

ప్రపంచం కూడా ఈ మొక్క గురించి మళ్ళీ ఆలోచిస్తున్నది. 2020 డిసెంబరులో ఐక్యరాజ్యసమితి మాదకద్రవ్యాల సంఘం గంజాయిని అత్యంత ప్రమాదకరమైన వాటి పట్టికనుంచి తీసివేసింది. తీసివేయమని ఓటు వేసిన 27 దేశాలలో భారతదేశం ఉన్నది. ఇంకా నియంత్రిత పదార్థంగానే ఉంచారు, కాని మందుగా దాని ఉపయోగాన్ని గుర్తించారు. మన చట్టమే 14వ సెక్షనులో నారకోసం, గింజకోసం సాగును అనుమతించే అధికారం ప్రభుత్వానికి ఇచ్చింది. ఉత్తరాఖండ్ 2018లో అటువంటి లైసెన్సు మొదలుపెట్టింది. అంటే నారకు ఒక లెక్క, గింజకు ఒక లెక్క, పూతకు ఒక లెక్క అన్నది మన ప్రభుత్వాలకు తెలియని సంగతి కాదు. పారిశ్రామికుడు లైసెన్సు కోరినప్పుడు గుర్తుకువచ్చే ఆ తేడా, కూలీని పట్టుకున్నప్పుడు మాత్రం మరుపుకు వస్తున్నది. ఇదే నాకు దుర్భరంగా ఉన్నది.

నేను అడుగుతున్నవి పెద్ద కోరికలు కావు.

ఒకటి. పంచనామాలో, 52ఎ జాబితాలో ఐదు గడులు వేయండి: పూతకొస, ఆకు, కాడ, గింజ, బంక. ఒక్కొక్కదానికి విడిగా తూకం వ్రాయండి. పచ్చిదైతే పచ్చిదని, ఎండినదైతే ఎండినదని కూడా వ్రాయండి. ఈ ఐదూ ఏ పోలీసు కానిస్టేబులుకైనా తెలిసిన తెలుగు మాటలే. పంచనామాకు ఈ పంచనామాలు చాలు.

రెండు. "కొసలు తోడులేని" అన్న మాటకు అర్థమేమిటో కేంద్ర ప్రభుత్వం ఒక ఉత్తర్వుతో తేల్చాలి. నా అర్థమే ఒప్పుకోనక్కరలేదు. ఏదో ఒక అర్థం, దేశమంతటికీ ఒక్కటే అర్థం ఉండాలి. న్యాయమూర్తి మారితే అర్థం మారే మాట చట్టంలో ఉండకూడదు.

మూడు. మత్తుకు బానిసైన పిల్లవాడు తానుగా చికిత్సకు వస్తే ప్రాసిక్యూషన్ లేకుండా వదిలే వీలు 64ఎ సెక్షనులో ఉన్నది. ఆ సంగతి ప్రతి ఉన్నత పాఠశాల గోడమీద, ప్రతి కళాశాల నోటీసుబోర్డు మీద తెలుగులో వ్రాసి పెట్టాలి. నా శిష్యుడి తల్లికి ఆ సెక్షను ఉన్నదని ఎవరూ చెప్పలేదు. పోలీసులకు తెలిస్తే కొడుకు జైలుకు పోతాడని భయపడి రెండేళ్ళు దాచింది. ఆ రెండేళ్ళలోనే వాడు చేజారిపోయాడు.

"గంజాయి వనంలో తులసిమొక్క" అని మనకొక సామెత ఉన్నది. దుష్టుల నడుమ ఒక సజ్జనుడని దాని అర్థం. ఆ సామెత పుట్టించిన పల్లెటూరివాడికి రెండు మొక్కలనూ పక్కపక్కన చూసి విడదీయగల చూపు ఉన్నది. ఒకే మొక్కలో పూతనూ కాడనూ విడదీసే చూపును చట్టం కూడా తన మాటల్లో పెట్టుకున్నది. ఆ చూపు తూకపురాయి పట్టుకున్న చేతికి లేకుండా పోయింది. చట్టాన్ని మార్చమని నేను అడగడం లేదు. వ్రాసినది వ్రాసినట్టు చదవమంటున్నాను.

పత్రికలలో పనిచేస్తున్న మిత్రులు ఎవరైనా ఇది చదివితే ఒక్క మనవి. ఇకమీదట "ఎండు గంజాయి పట్టివేత" అని శీర్షిక పెట్టేముందు, ఆ అధికారిని ఒక్క ప్రశ్న అడగండి: "అందులో పూత ఎంత?" జవాబు వస్తే వ్రాయండి. రాకపోతే, రాలేదని వ్రాయండి.

న్యాయశాస్త్రం తెలిసినవారు నా అన్వయంలో దోషముంటే వ్యాఖ్యలో చూపించండి. వాదానికి సిద్ధంగా ఉన్నాను.

సెలవు.